రన్‌టైమ్‌లో పుట్టిన క్లాసులు మెమరీ వదలడం లేదు. సూత్రానికో లోడరా, హిడెన్ క్లాసులా?

అందరికీ నమస్కారం. మా జావా సర్వీసులో వాడుకరులు రాసుకునే లెక్కల సూత్రాలను జానినో అనే చిన్న జావా కంపైలర్‌తో అక్కడికక్కడే బైట్‌కోడ్‌గా (జావా నడిపే రూపంలోకి) కంపైల్ చేస్తున్నాం. వేగం చాలా బాగుంది, మళ్లీ ఇంటర్‌ప్రెటర్ జోలికి వెళ్లాలని లేదు. చిక్కంతా మెటాస్పేస్‌తోనే, అంటే జావా క్లాసుల వివరాలు దాచుకునే మెమరీ భాగంతోనే. సూత్రం మార్చిన ప్రతిసారీ కొత్త క్లాసు పుడుతుంది, పాతది పోదు. చివరికి లాగ్‌లో 'అవుట్ ఆఫ్ మెమరీ ఎర్రర్: మెటాస్పేస్' అని పడి సర్వీసు ఆగిపోతోంది.

మామూలు క్లాసులు పోవాలంటే వాటిని మెమరీలోకి తెచ్చిన లోడర్ కూడా పోవాలి. మాకు అన్నిటికీ ఒకటే లోడర్, కాబట్టి ఒక్క సూత్రం వాడకంలో ఉన్నా మిగతావన్నీ ఉండిపోతాయి.

జావా 15వ వెర్షన్‌లో (జేడీకే 15) వచ్చిన హిడెన్ క్లాసులు నాకు నచ్చాయి. స్ట్రాంగ్ ఆప్షన్ ఇవ్వకపోతే లోడర్ బతికున్నా అవి విడిగా పోగలవు. కానీ ఇంకో క్లాసు నుంచి వాటిని పేరు పెట్టి పిలవడం కుదరదు. మా సూత్రాలేమో ఒకదాన్నొకటి పిలుచుకుంటాయి! పైగా వాటి ఫ్రేములు మామూలుగా స్టాక్ ట్రేస్‌లో (తప్పు వచ్చినప్పుడు ఏది దేన్ని పిలిచిందో చూపే జాబితాలో) కనబడవు, తప్పు ఏ సూత్రంలో ఉందో వాడుకరికి ఎలా చెప్పాలి?

మెథడ్‌హ్యాండిళ్లను (పేరు లేకుండానే మెథడ్‌ను పిలిచే రిఫరెన్సులను) ఒక మ్యాప్‌లో పెట్టి పిలిపిస్తే జిట్ ఇన్‌లైనింగ్, అంటే వేగం కోసం నడుస్తుండగానే కంపైలర్ పిలిచిన మెథడ్ కోడ్‌ను పిలిచిన చోటే కలిపేయడం, దెబ్బతింటుందా? ప్రొడక్షన్‌లో ఇలా నడిపినవారు దయచేసి చెప్పండి. చిన్న కోడ్ ముక్క ఇచ్చినా ఎంతో మేలు.