వేరే రాష్ట్రం బండికి కొత్త నంబరు ఇవ్వట్లేదు, హైకోర్టులో రిట్ (అధికారులకు ఆదేశాలివ్వమని కోరే పిటిషన్) వేయొచ్చా?

ప్రశ్న: బళ్లారిలో సెకండ్‌హ్యాండ్ పికప్ కొన్నాను. ఎన్‌ఓసీ (అక్కడి ఆర్టీఓ ఇచ్చే 'అభ్యంతరం లేదు' అన్న పత్రం)తో ఇక్కడి ఆర్టీఓ ఆఫీసులో దరఖాస్తు పెట్టి నాలుగు నెలలైంది. "రేపు రా" అంటారే గానీ కాగితం మీద ఏమీ రాసివ్వరు. ఖాళీ టమాటా ట్రేలతో బండి ఇంటి ముందే ఉంది, కిస్తీ మాత్రం ఆగట్లేదు. టెన్షన్‌తో నిద్ర లేదు.

జవాబు: తమ్ముడూ, నా లారీకీ ఇదే జరిగింది. నోటిమాట కోర్టులో నిలబడదు. దరఖాస్తు తేదీ, జతచేసిన కాగితాల వివరాలతో అర్జీ రాసి రిజిస్టర్డ్ పోస్టులో పంపు. ఆ రసీదే నీకు ఆధారం. దానికీ జవాబు రాకపోతే రాజ్యాంగం 226 అధికరణ కింద హైకోర్టులో రిట్ వేయొచ్చు. నా కేసులో జడ్జిగారు నంబరు ఇమ్మనలేదు, నాలుగు వారాల్లో ఏదో ఒకటి తేల్చమన్నారు. అదే చాలింది.

జవాబు: వాళ్లు తిరస్కరిస్తూ రాసిస్తే దారి వేరండీ. మోటారు వాహనాల చట్టం 57వ సెక్షన్ కింద 30 రోజుల్లో అప్పీలు చేసుకోవాలి. అది వదిలేసి నేరుగా రిట్‌కి వెళ్తే ముందు ఆ అప్పీలుకే వెళ్లమంటారు.

ప్రశ్న అడిగినవారు: అన్నా, అర్జీ రాశాను. రేపే పోస్టు చేస్తా.