వేస్ట్ ఇంక్ ప్యాడ్ నిండిందంటోంది, కౌంటర్ రీసెట్ చేస్తే చాలా?

ప్రశ్న: అందరికీ నమస్కారం. నాలుగేళ్లుగా వాడుతున్న మా ఇంక్ ట్యాంక్ ప్రింటర్ నిన్న రాత్రి ఉన్నట్టుండి ఆగిపోయింది. రెండు లైట్లు ఒకదాని తర్వాత ఒకటి వెలుగుతున్నాయి. ఇంక్ ప్యాడ్ పని అయిపోయిందని కంప్యూటర్‌లో వస్తోంది. ట్యాంకుల్లో ఇంక్ సగానికి పైగానే ఉంది. పాప సోమవారం ప్రాజెక్టు ఇవ్వాలి, చాలా టెన్షన్‌గా ఉంది. రీసెట్ సాఫ్ట్‌వేర్ నడిపితే సరిపోతుందా?

జవాబు: సరిపోదమ్మా. ప్రింటర్ నడుస్తుంది కానీ ఇంక్ బల్ల మీదికి కారొచ్చు. హెడ్ క్లీనింగ్, అంటే కాగితం మీద ఇంక్ చిమ్మే భాగాన్ని శుభ్రం చేసే పని, కొట్టిన ప్రతిసారీ కొంత ఇంక్ సన్నటి పైపులోంచి లోపలి స్పాంజిలోకి పోతుంది. ఆ స్పాంజే వేస్ట్ ఇంక్ ప్యాడ్. స్పాంజి ఎంత తడిసిందో చాలా ప్రింటర్లు చూడవు. ఎంత ఇంక్ పోయి ఉంటుందో లెక్కగట్టి చిప్‌లో దాచుకుంటాయి. లెక్క హద్దు దాటితే ఆగిపోతాయి. ఆ లెక్కే కౌంటర్, రీసెట్ దాన్ని చెరుపుతుందంతే.

వారంటీ ఉంటే ముందు సర్వీస్ సెంటర్‌కి ఫోన్ చేయండి. లేకపోతే మోడల్ చూడండి. కొన్నిటికి వెనకో పక్కనో ఒక్క స్క్రూ తీస్తే ప్యాడ్ పెట్టె బయటికి వస్తుంది. ప్యాడ్ అడుగున ఉంటే మెషీన్ మొత్తం విప్పాలి, అది మెకానిక్‌కే వదిలేయండి. కెనాన్ జీ3020 లాంటివాటికైతే వేస్ట్ ఇంక్ పట్టే పెట్టె, అంటే మెయింటెనెన్స్ కార్ట్రిడ్జ్, మారిస్తే చాలు.

ప్రశ్న: మాది ఒక్క స్క్రూదే అన్నయ్యా. స్పాంజి కడగొచ్చా?

జవాబు: కొత్తది దొరికితే అదే మేలు. కడిగేటట్టయితే ప్లగ్ తీసేయండి, ప్రింటర్‌ని వంచొద్దు, కింద పేపర్లు పరిచి గ్లవ్స్ వేసుకోండి. ముక్కలు ఏ వరుసలో ఉన్నాయో ఫోటో తీసుకోండి. రంగు పోయేదాకా నీళ్లలో పిండి, పూర్తిగా ఆరనివ్వండి. రోజు పైనే పట్టొచ్చు, తొందరపడి తడిగా పెట్టొద్దు. తిరిగి బిగించేటప్పుడు పైపు స్థానంలో కూర్చుందో లేదో చూడండి.

ఆ తర్వాతే రీసెట్. వైఫై కాకుండా యూఎస్‌బీ కేబుల్ పెట్టండి. ముందు కౌంటర్ చదివించి శాతం రాసుకోండి. కొన్ని మోడళ్లలో కౌంటర్లు రెండు ఉంటాయి, నిండినదాన్నే రీసెట్ చేయాలి. అయ్యాక ఒకసారి ఆపి ఆన్ చేయండి. ఎప్సన్ ప్రింటర్లకి చాలామంది వాడే డబ్ల్యూఐసీ రీసెట్ అనే సాఫ్ట్‌వేర్‌కి కీ (కోడ్) కొనాలి, అది ఒక్కసారికే పనిచేస్తుంది. యాంటీవైరస్ ఆపేయమని అడిగే ఉచిత ఫైళ్ల జోలికి మాత్రం వెళ్లొద్దు.

ప్రశ్న: సరే అన్నయ్యా, స్పాంజి ఇప్పుడే ఆరబెట్టాను. పాప పేజీలు రేపు బయట జిరాక్స్ షాపులో తీయిస్తాను. మళ్లీ త్వరగా నిండకుండా ఏం చేయాలి?

జవాబు: ప్రింట్‌లో గీతలు పడితే ముందు నాజిల్ చెక్ కొట్టండి, అంటే ఇంక్ రంధ్రాలు మూసుకుపోయాయో లేదో చూపే పరీక్ష పేజీ తీయండి. అది బాగుంటే హెడ్ క్లీనింగ్ అక్కర్లేదు. వారానికో రంగుల పేజీ తీస్తుంటే హెడ్ ఎండదు, క్లీనింగ్ అవసరమూ తగ్గుతుంది.