కారు అద్దానికి అతికించే యాంటెన్నా విషయంలో సలహా కావాలి

నమస్కారం. మాది పలాస. 2018 అక్టోబరులో తిత్లీ తుపానుకు ఫోన్లు మూగబోయిన ఆ రోజులు చూశాక, పట్టుదలతో చదివి హామ్ (ఔత్సాహిక) రేడియో లైసెన్సు తెచ్చుకున్నాను.

కారు పైకప్పుకు రంధ్రం చేయడం ఇష్టంలేక, 144–146 మెగాహెర్ట్జ్ యాంటెన్నాను వెనుక అద్దానికి అతికించాను. బయటి పలక నుంచి లోపలి పెట్టెకు సంకేతం, కెపాసిటర్‌లో మాదిరిగా, అద్దం గుండానే దాటాలి. అయితే కడ్డీ పొడవును కొద్దికొద్దిగా మార్చి చూసినా ఎస్‌డబ్ల్యూఆర్ (యాంటెన్నా నుంచి శక్తి ఎంత వెనక్కి తిరిగొస్తోందో చూపే కొలత; 1కి దగ్గరైతే మేలు) 3 నుంచి కిందికి దిగడం లేదు. అద్దంపై ఆవిరి పోగొట్టే సన్నని తీగల్లో ఒకటి లోపలి పెట్టె అంచుకు సరిగ్గా వేలెడు దూరంలో ఉంది. పైగా పాత యజమాని వేయించిన ఎండ ఫిల్మ్ వెలుతురులో లోహంలా మెరుస్తోంది.

లోపం ఆ తీగదా, ఫిల్మ్‌దా? పెట్టె కింది మేరకే ఫిల్మ్ ఒలిచివేస్తే సరిపోతుందా, లేక యాంటెన్నాను పక్క అద్దానికి మార్చడమే మేలా? మళ్ళీ తుపానుల కాలం రాకముందే దీన్ని సరిచేసుకోవాలని నా ఆరాటం. స్వయంగా అమర్చిన అనుభవమున్నవారు దయచేసి చెప్పగలరు.