స్టూడియో కోటులో తాతగారు: ఆ పటాన్ని మార్చవచ్చునా?

పాత ఆల్బమ్:
మా తాతగారికి ఉన్న ఒకే ఒక్క ఫోటో 1956లో గుడివాడలోని ఒక స్టూడియోలో తీసినది. ఆయన పాలేరు, పంచె, తలగుడ్డ తప్ప మరొకటి కట్టి ఎరుగరు. ఫోటోలో మాత్రం నల్ల కోటు, చేతి గడియారం ఉన్నాయి. రెండూ స్టూడియోవే, కోటు చేతులు వేళ్ల దాకా దిగివున్నాయి. ఇప్పుడు దీనిని పెద్దది చేయించి పటం కట్టించబోతుండగా, పంచెకట్టుతో మళ్ళీ గీయిస్తేనే అది ఆయన అసలు రూపమవుతుందని ఇంట్లో కొందరు అంటున్నారు. మీరేమంటారు?

మగ్గం గుంట:
గీయించడమే న్యాయం. గాంధీ 1921 సెప్టెంబరులో మదురైలో చొక్కా విడిచి కొల్లాయి కట్టినది, పేదవాడి గుడ్డకు గౌరవం తేవడానికే కదా. అరువు కోటును గోడకెక్కిస్తే ఆయన కష్టం కనబడకుండా పోతుంది.

వెనుక బెంచీ:
గాంధీకి విడిచిపెట్టడానికి చొక్కా ఉంది. ఊరి చివర ఇంటివాడికి ఏది కట్టాలో ఊరే నిర్ణయించేది. చండాలుడు శవాల మీది గుడ్డలే కట్టాలని మనుస్మృతి పదో అధ్యాయం చెబుతుంది. 1859లో నేటి కేరళ ప్రాంతపు తిరువాన్కూరు సంస్థాన ప్రభుత్వం, తక్కువ కులంగా చూసిన నాడార్ల స్త్రీలు రొమ్ము కప్పుకోవచ్చునని ప్రకటిస్తూనే, పైకులాల స్త్రీల తీరున కప్పుకోరాదని షరతు పెట్టింది. కెమెరాను కూడా ఈ పనికి వాడుకున్నారు: 1868, 1875 మధ్య బ్రిటిష్ ప్రభుత్వం ఎనిమిది సంపుటాలుగా వెలువరించిన ‘ది పీపుల్ ఆఫ్ ఇండియా’లో మనుషుల బొమ్మల కింద కులాల, తెగల పేర్లు వేసి, వారిని నమూనాలుగా చూపారు. 1927 డిసెంబరులో, నేటి మహారాష్ట్రలోని మహద్‌లో అంబేద్కర్ దళిత స్త్రీలతో, కులాన్ని పట్టిచ్చే చీరకట్టును, నగలను వదిలిపెట్టమన్నారు. 2023లో హైదరాబాదులో నిలిపిన 125 అడుగుల విగ్రహంలోనూ ఆయన సూటుతోనే ఉన్నారు. అందువల్ల పంచెను సహజమనీ, కోటును వేషమనీ అనడం నాకు సమ్మతం కాదు.

మగ్గం గుంట:
ఊరు నిర్ణయించేదన్న మాట ఒప్పుకుంటాను. అయితే స్టూడియో మాత్రం స్వేచ్ఛనిచ్చిందా? అదే తెర, అదే పూలకుండీ, అదే కుర్చీ. పెద్దమనిషితనానికి అక్కడ ఒకే అచ్చు. (మా ఇంటి ఫోటోల్లోనూ ఆ పూలకుండీయే ఉంది.) ఆయన కోరుకున్నారో, ఫోటోగ్రాఫరు తొడిగాడో మనకెలా తెలుస్తుంది?

పాత ఆల్బమ్:
ఆ ప్రశ్నే మా మేనత్తను అడిగాను. ఆ రోజు ఎనిమిదేళ్ల పిల్లగా తండ్రి వెంట వెళ్లిందట. స్టూడియోలో రెండు కోట్లు ఉన్నాయట. బూడిదరంగుది ఒంటికి సరిగ్గా సరిపోయిందట, ఫోటోగ్రాఫరు కూడా అదే వేసుకోమన్నాడట. తాతగారు మాత్రం, కోర్టులో ప్లీడర్లు వేసుకునేది నల్లదేనని, పట్టుబట్టి దానినే తొడుక్కున్నారట. గీయించే ఆలోచన మానుకున్నాం. కోటు, గడియారం స్టూడియోవని పటం వెనుక రాయిస్తున్నాను. మేనత్త చెప్పిన ఈ మాట కూడా దాని కిందనే ఉంటుంది.