మున్నీటి తల్లా, మున్నేటి తల్లా?

అనంతపురం సభ్యుడు:
అందరికీ నమస్కారం. మా జేజి (నాయనమ్మ) చెప్పే కథలో ఒక పాట ఉండేది. కథంతా ఆమె సొంతంగా అల్లిందే. ఏడు తెరల దీవి అని ఒక లోకం. అక్కడ సముద్రం ఏడాదికోసారి అలిగి వెనక్కి పోతుంది, పడవలన్నీ ఇసుకలో కూలబడతాయి. ఊరి పెద్దముత్తైదువ బావినీళ్ల కడవ నెత్తిన పెట్టుకొని తడి ఇసుక మీద నడిచిపోయి, పాట పాడి సముద్రాన్ని పిలుచుకొని రావాల. నాకు మిగిలింది ఇంత:

మున్నీటి తల్లి రావే, ముంగిటికి నురుగై రావే
వన్నెల తెరలెత్తి రావే, వడివడిగా మళ్లి రావే
… … … , కడవెడు తీపందుకోవే

మూడో పాదంలో మొదటి సగం ఎంత తన్నుకున్నా రావడం లేదు. ఈ వరస ఎరిగినవాళ్లు అందించండి.

ప్రొద్దుటూరు నుంచి:
అన్నా, నేను మీ చిన్నాయన కూతురిని. మొదటి మాటే మార్చి రాసినావే! జేజి పాడింది "మున్నేటి తల్లి". చేటలో కొర్రలు చెరుగుతా పాడేది, "రావే" అన్నప్పుడల్లా చేట ఒక్కసారి ఎగరేసేది. పొట్టు ముందుకు పోయి, గింజలు వెనక్కి జారేవి. ఆ పక్కనే కూర్చుని విన్నదాన్ని. "నే" అనే అనింది.

కడప తెలుగు పండితుడు:
అమ్మా, మున్నీరు అంటే సముద్రం, నిఘంటువుల్లో ఉన్న మాటే. "కన్నీరు మున్నీరుగా ఏడ్చారు" అని రోజూ పత్రికలో చదువుతూనే ఉంటాం. నీరు నీటి అవుతుంది, ఏరు ఏటి అవుతుంది. సముద్రాన్ని పిలిచే పాటలో ఏరెందుకు వస్తుంది? "మున్నీటి" తప్ప ఇంకొకటి కుదరదు.

ప్రొద్దుటూరు నుంచి:
ఎందుకొస్తుందంటే, ఆ లోకంలో సముద్రం మునుపు ఏరే సార్. కథలో ఆ ముక్క అన్న చెప్పలేదు. ఏరు అలిగి ఒడ్డులన్నీ మింగి సముద్రమైంది. అందుకే అలగడం దానికి అలవాటు. మున్ను ఏరుగా ఉన్న తల్లి, మున్నేటి తల్లి. పైగా జేజిది తాడిపత్రి. పెన్న ఒడ్డున పుట్టిన మనిషి నోట పెన్నేరు పలికినట్లే మున్నేరు పలుకుతుంది.

నంద్యాల నుంచి:
ఛందస్సు ఏమంటుందో చూద్దాం. మున్నీటి, మున్నేటి రెండూ త గణమే, అయిదేసి మాత్రలే. యతి "ము"కు "ముం"తో సరిపోయింది. ప్రాసకు రెండో అక్షరంలో హల్లు కలిస్తే చాలు, అచ్చు ఏదైనా ఒకటే. కాబట్టి ఈ "నీ", "నే" తగువు ఛందస్సుతో తెగదు. కానీ అడిగిన మూడో పాదానికి మాత్రం దారి దొరుకుతుంది. రెండో సగం "కడవెడు" అని మొదలైంది కాబట్టి పాదం కూడా "క"తోనో, దానితో యతి కుదిరే అక్షరంతోనో మొదలవ్వాలి, రెండో అక్షరం "న్న" కావాలి. అంటే కన్న, కన్నె, కన్నుల వంటిదేదో ఒకటి. "కన్నెబావి నీళ్లివిగో, కడవెడు తీపందుకోవే" అయ్యుంటుందా అన్నా?

తాడిపత్రి నుంచి:
పెన్నేరు మాట వచ్చింది కాబట్టి చెప్తున్నా. తరిమెల విద్వాన్ విశ్వం గారి "పెన్నేటి పాట" చదివినవాళ్లకు ఆ "నే"లో ఎంత దాహం ఉందో తెలుస్తుంది. ఎండిన ఏటిని తల్లిగా చూడటం మన సీమవాళ్లకు కొత్త కాదు. బోరులో నీళ్లు పడితే "గంగ పడింది" అంటాం. వెనక్కిపోయిన సముద్రాన్ని పిలిచే ఆ ముత్తైదువ నాకైతే మా ఊరి మనిషే అనిపిస్తుంది. నా ఓటు "నే"కే.

కడప తెలుగు పండితుడు:
విశ్వం గారంటే నాకూ ప్రాణమే. అయితే ఇటువంటి మాట తేల్చాలంటే పుట్టపర్తి నారాయణాచార్యులు గారి వంటివారు కావాలి. చిన్నతనంలో తాను రాసిన "పెనుగొండ లక్ష్మి" తర్వాత విద్వాన్ పరీక్షలో తనకే పాఠ్యమైంది. "ఏకవీర"ను మలయాళంలోకి తీసుకుపోయిన చేయి అది. తమిళం, కన్నడం, మలయాళం ముందేసుకొని మున్నీరు పుట్టుక చెప్పగల మనిషి. "శివతాండవం"లో ఆ నడక చూడండి, ఒక్క అచ్చు మార్చితే అడుగు తప్పుతుంది.

కర్నూలు అధ్యాపకురాలు:
తమిళం సంగతి నేను చెప్తాను సార్. సంగం కవిత్వంలోనే మున్నీర్ ఉంది. వాననీరు, ఏటినీరు, ఊటనీరు, ఈ మూడూ చేరింది కాబట్టి మున్నీర్ అని ఒక వ్యాఖ్య. నేలను పుట్టించడం, కాపాడటం, ముంచడం అనే మూడు గుణాలున్నది కాబట్టి అని ఇంకొకటి. జేజిగారి సముద్రం అలిగి పోతుంది, పిలిస్తే వస్తుంది. దానికి రెండో వ్యాఖ్యే అతుకుతుంది.

కడప తెలుగు పండితుడు:
మూడు అన్నది నిజం. మూడు, నూరు కలిస్తే మున్నూరు. మూడు, కన్ను కలిస్తే ముక్కంటి. అదే తోవలో మున్నీరు. ఇక మున్నేరు అంటారా, ఏరుకు ముందు ఆ "న్న" ఎక్కడిది?

ప్రొద్దుటూరు నుంచి:
"మున్ను"లో ఉండేదే సార్. మున్ను, ఏరు కలిస్తే ఉత్వసంధి, మున్నేరు. మును అనే అర్థంతో మాటలు లేవా? మున్నుడి లేదా?

కడప తెలుగు పండితుడు:
మున్నుడిలో రెండో నకారం నుడిది తల్లీ. ఏరుకు నకారం లేదు.

కర్నూలు అధ్యాపకురాలు:
ఆగండి సార్, మున్నుడి ఒప్పుకుంటే మున్నీరు కూడా మునుపటి నీరు కావచ్చు. నేల పుట్టకముందు ఉన్న నీరు. అప్పుడు మూడు లెక్కే అక్కరలేదు. ఈ అర్థాన్ని నేను చాన్నాళ్లుగా నమ్ముతున్నాను.

కడప తెలుగు పండితుడు:
మున్నూరును వదిలి మున్నుడి వెంట పోవడం నాకు సమ్మతం కాదు మేడమ్. మూడు నీళ్ల మీదే ఉంటాను. మునుపటి నీరనే అర్థంలో ఒక్క పద్యం చూపండి, అప్పుడు మాట్లాడుకుందాం.