బోలు ఎముకలున్న పెద్దామెకు భుజం విరిగితే ఎస్42 వేయాలా, ఎం80 వేయాలా?

కర్నూలు_కోడర్:
అన్నలూ అక్కలూ, నేను మెడికల్ కోడర్‌ను, డాక్టర్ రాసిన జబ్బుకు ఐసీడీ కోడ్ వేసే పని. ఒక చార్టు (పేషెంట్ రికార్డు) మీద నా కోడ్లు తనిఖీ చేసే ఆడిటర్‌కూ నాకూ తెగట్లేదు. అమెరికా పేషెంట్, 74 ఏళ్ల ఆమె, ఈడీ (ఎమర్జెన్సీ) విజిట్. ఇంట్లో కార్పెట్ తట్టుకొని నిలబడిన చోటే ఎడమ భుజం మీద పడింది. డాక్టర్ అసెస్‌మెంట్‌లో రాసింది లెఫ్ట్ ప్రాక్సిమల్ హ్యూమరస్ ఫ్రాక్చర్ (ఎడమ పైచేతి ఎముక భుజం వైపు కొస విరగడం), అంతే. హిస్టరీలో ఆస్టియోపొరోసిస్ (బోలు ఎముకల జబ్బు) ఉంది, మందుల లిస్టులో దానికి వాడే అలెండ్రోనేట్ ఉంది. నేను ఎం80.022ఏ (ఆస్టియోపొరోసిస్ వల్ల విరిగింది అనే కోడ్) వేసినా. పడితే విరిగింది కాబట్టి ట్రామానే (దెబ్బే), ట్రామా కోడ్ ఎస్42.202ఏ వేయాల్సింది అని ఆడిటర్ ఎర్రర్ పెట్టినారు. రెబట్టల్ (ఆ ఎర్రర్ ఒప్పుకోనని జవాబు) వేయాలా వద్దా?

బురుజు_కాడ:
ఆడిటర్ చెప్పిందే కరెక్ట్ తమ్ముడూ. డాక్టర్ పేథలాజికల్ (జబ్బు వల్ల విరిగింది) అన్లేదు, ఫ్రాజిలిటీ (ఎముక బలం లేక విరిగింది) అన్లేదు. హిస్టరీలో ఒక జబ్బు, అసెస్‌మెంట్‌లో ఒక ఫ్రాక్చర్ ఉంటే రెండూ కలిపి ముడి వేసేదానికి మనమేమన్నా డాక్టర్లమా? రేపు పేయర్ (డబ్బు కట్టే ఇన్సూరెన్స్ వాళ్లు) ఆ చార్టు బయటికి తీసి ఈ లింకు యాడ రాసింది చూపించండి అంటే ఏం చూపిస్తావు?

అనంత_సీపీసీ:
అన్నా, మామూలుగా ఐతే మీ మాటే రైటు, ఊహించి కోడ్ వేయకూడదు. కానీ ఈ ఒక్క విషయంలో ఐసీడీ-10-సీఎం (ఇప్పుడు అమెరికాలో వాడే కోడ్ల పుస్తకం) గైడ్‌లైనే మనకు నేరుగా చెప్తాంది. 13వ చాప్టర్‌లో ఆస్టియోపొరోసిస్ భాగం తీసి చూడండి. ఆస్టియోపొరోసిస్ ఉందని తెలిసిన పేషెంట్‌కు ఫ్రాక్చర్ ఐతే, చిన్నగా పడినా సరే, ఆ పడటం మామూలు ఆరోగ్యమైన ఎముకను విరగ్గొట్టేంతది కాకపోతే ట్రామా కోడ్ కాదు ఎం80 వేయాలని ఉంది. ఎం80 కింద ఇన్‌క్లూడ్స్ నోట్‌లో (ఆ కోడ్‌లోకి ఏమేం వస్తాయో చెప్పే నోట్) ఫ్రాజిలిటీ ఫ్రాక్చర్ అని కూడా ఉంది. ఏ రకం ఆస్టియోపొరోసిస్ అని డాక్టర్ రాయకున్నా ఎం80.0 కిందికే వస్తుంది.

ఈ గొడవ ఎక్కణ్నుంచి వస్తాందో కూడా చెప్తా. అంతకుముందున్న ఐసీడీ-9 మీద పని చేసినోళ్లకు డాక్టర్ పేథలాజికల్ అని రాస్తేనే 733.11, లేకుంటే ట్రామా కోడ్లైన 812 సిరీస్ అని చేతికి అలవాటైపోయింది. 2015 అక్టోబర్ 1న ఐసీడీ-10-సీఎం వచ్చింది, గైడ్‌లైన్ మారింది, అలవాటు మాత్రం కొందరిలో అట్లనే ఉండిపోయింది, వాళ్ల దగ్గర నేర్చుకున్న పిల్లలకూ అదే అంటుకుంది.

బురుజు_కాడ:
సరేమ్మా, గైడ్‌లైన్ నేనూ చదివినా. అందులో 'కాకపోతే' అని ఒక షరతు ఉంది కదా. ఆ పడటం ఆరోగ్యమైన ఎముకను విరగ్గొట్టేదా కాదా అని తేల్చేది ఎవరు? నువ్వా నేనా? కార్పెట్ తట్టుకొని పడిందంటే సరే, నాలుగు మెట్ల మీంచి దొర్లింది అంటే? కుర్చీ ఎక్కి బల్బు మారుస్తా పడింది అంటే? అది క్లినికల్ జడ్జిమెంట్. నా పాయింట్ అదొక్కటే.

కడప_ట్రైనీ:
మధ్యలో వస్తున్నా, ఏమనుకోవద్దండి. ఎం80లో భుజానికి 80.01 అని వేరేగా ఉంది కదా, ప్రాక్సిమల్ హ్యూమరస్ అంటే భుజం కీలు కాడే కదా, మరి 80.012 ఎందుకు కాదు?

అనంత_సీపీసీ:
మంచి డౌటు చెల్లీ. అదే చాప్టర్ మొదట్లోనే ఉంది, ఎముక కొస కీలు దగ్గర ఉన్నా సైటుగా ఎముకనే తీసుకోవాలి, కీలును కాదు, ఉదాహరణకు ఎం80 పేరే ఇచ్చినారు. అందుకే హ్యూమరస్, 80.022. ఎస్42లో ఐతే పైకొస అంతా 42.2లో వస్తుంది, కాలర్ బోన్ 42.0, స్కాపులా 42.1. ఇంకోటి గుర్తుపెట్టుకో, ఎస్42లో కోడ్ చివర క్లోజ్డ్‌కు (చర్మం చిరగని ఫ్రాక్చర్) ఏ, ఓపెన్‌కు (చర్మం చిరిగినది) బీ ఉంటాయి, ఎం80లో ఆ బీ ఉండదు.

ఫిజియో_అనంతపురం:
నేను కోడర్‌ను కాదు, మా ఇంట్లోవాళ్లు ఈ పని చేస్తారు కాబట్టి చదువుతాండా. నిలబడిన ఎత్తు నుంచి పడితే విరిగితే దాన్ని ఫ్రాజిలిటీ ఫ్రాక్చర్ అనే అంటారు, తుంటి, వెన్నుపూస, మణికట్టు తర్వాత ఇట్ల ఎక్కువ విరిగేది ఈ భుజం పైకొసే. మా దగ్గరికి వచ్చే పెద్దోళ్లను చూస్తే నాకు చానా బాధనిపిస్తుంది. బండల మీద జారి పడ్డామె వస్తుంది, చెయ్యి మెడకు కట్టేసి ఉంటుంది, కొన్ని వారాలకు చెయ్యి పైకి లేపలేకపోతాందని ఎక్సర్‌సైజులకు పంపిస్తారు, కానీ ఎముక ఎందుకంత అల్కగా విరిగింది అని అడిగినోళ్లే ఉండరు, డెక్సా స్కాన్ (ఎముక గట్టిదనం చూసే పరీక్ష) అనే మాట కూడా ఆమె విని ఉండదు. రెండో ఏడు తుంటి విరుగుతుంది, ఇంక మంచం మీదే. మీరు ట్రామా అని వేస్తే ఆ రికార్డులో కూడా అది కాలు జారిన కథే ఐపోతుంది, జబ్బు కనపడదు. అమెరికా ఆమె ఐనా మన అవ్వ ఐనా ఎముక ఎముకే కదండీ.

బురుజు_కాడ:
మీరు చెప్పింది కాదనను డాక్టర్ గారూ. దానికోసమే అంటున్నా, రాయాల్సింది ఆ డాక్టర్, ఆయన్నే అడగాలని. మన పిల్లలు టార్గెట్ భయానికి క్వెరీ (డాక్టర్‌కు రాసి పంపే ప్రశ్న) వేయకుండా ఏదో ఒకటి వేసి చార్టు మూసేస్తాండారు, ఎస్42 వేసినా ఎం80 వేసినా అది తప్పే.

అనంత_సీపీసీ:
మెట్లు, కుర్చీ కేసులకు నేనూ క్వెరీనే అంటా, కారు యాక్సిడెంట్ ఐతే ఎస్42 పెట్టి ఆస్టియోపొరోసిస్‌ను ఎం81.0గా (జబ్బు ఉంది, దానివల్ల ఫ్రాక్చర్ లేదు అనే కోడ్) వేరేగా ఇస్తా. కానీ నిలబడిన చోట పడినామెకు, మందు కూడా వాడుతున్నామెకు, గైడ్‌లైన్ అంత సూటిగా ఉంటే ఇంకా అడగాలనడం నాకు సరిగా అనిపించట్లేదు. ఎర్రర్ మాత్రం ఒప్పుకోవద్దు తమ్ముడూ.

కర్నూలు_కోడర్:
రెబట్టల్ వేస్తాండా, 13వ చాప్టర్ పేరా పెట్టి. అన్న మాట కూడా తీసుకొని క్వెరీ పంపినా. ఎం80 వేయమంటారా అని అడగలేదు, అట్ల అడిగితే జవాబు మనమే అందించినట్టు ఐతుంది. పడిన తీరు, హిస్టరీ, మందు మూడూ రాసి, ఈ ఫ్రాక్చర్ ఆస్టియోపొరోసిస్ వల్లనా, ట్రామా వల్లనా, వేరే కారణమా, చెప్పలేమా అని నాలుగు ఆప్షన్లు పెట్టినా. జవాబు రాగానే ఇక్కడే పెడతా.

బురుజు_కాడ:
మంచిపని చేసినావు. ట్రామా అని జవాబు వస్తే రెబట్టల్ వెనక్కి తీసుకోవాల, అది కూడా ఇక్కడే చెప్పు.