డిగ్రీ మొదటి ఏడాదికి సైకాలజీ పుస్తకం ఏది కొనాలి?

ప్రశ్న (ఒక తండ్రి, గుంటూరు బ్రాడీపేట)

అందరికీ నమస్కారం. మా అమ్మాయి ఈ ఏడాది విజయవాడలో బీఏ ఆనర్స్‌లో చేరింది, మేజర్ సైకాలజీ. పదో తరగతి దాకా తెలుగు మీడియం, ఇంటర్‌లో సీఈసీ. క్లాసులో మోర్గాన్ అండ్ కింగ్, బారన్, సిచరెల్లి, ఫెల్డ్‌మన్ అని నాలుగు పుస్తకాల పేర్లు రాయించారట. "అన్నీ కొనాలా నాన్నా?" అని అడుగుతోంది. నేను బ్యాంకు ఉద్యోగిని, ఈ సబ్జెక్టు నాకు బొత్తిగా తెలియదు.

మొన్న విజయవాడ వెళ్లినప్పుడు ఏలూరు రోడ్డులో ఒక షాపులో సైకాలజీ పుస్తకం కావాలంటే డీఎస్సీ పుస్తకం తీసి చేతిలో పెట్టారు. పక్క షాపులో వ్యక్తిత్వ వికాసం అర చూపించారు. డీఎస్సీది తెలుగులో ఉంది, ధర కూడా తక్కువే. కొందామనుకుని, ఎందుకైనా మంచిదని ఇక్కడ అడుగుతున్నాను. అది సరిపోతుందా? లేదంటే ఆ నాలుగింటిలో ఏది?

ఎంఏ సైకాలజీ విద్యార్థిని, విజయవాడ

అంకుల్, నాలుగూ కొనకండి. ఆ నాలుగు పుస్తకాల్లో విషయసూచిక దాదాపు ఒకటే. సైకాలజీ అంటే ఏమిటి, పరిశోధన పద్ధతులు, మెదడు, సంవేదన, ప్రత్యక్షం (పర్సెప్షన్), అభ్యసనం, స్మృతి, ప్రేరణ, ఉద్వేగం, ప్రజ్ఞ, మూర్తిమత్వం, మానసిక రుగ్మతలు, సామాజిక ప్రవర్తన. వరస కొంచెం అటూ ఇటూ అవుతుంది, అంతే. ఒకటి సొంతానికి ఉంచుకుని, మిగతావి లైబ్రరీలో అవసరమైనప్పుడు చూసుకోవచ్చు.

డీఎస్సీ పుస్తకం సంగతి: అది టీచర్ పోస్టులకు రాసేవాళ్ల కోసం. నేర్చుకోవడం, పిల్లల ఎదుగుదల మీద సిద్ధాంతాలు చెప్పిన పావ్‌లోవ్, స్కిన్నర్, థార్న్‌డైక్, పియాజే, కోల్‌బర్గ్ అందులో బాగానే ఉంటారు. కానీ అంతా పిల్లలు, తరగతి గది చుట్టూనే తిరుగుతుంది. మెదడు, నాడీకణం, రుగ్మతలు, సామాజిక మనోవిజ్ఞానం పేరుకే ఉంటాయి. పైగా అన్నీ బిట్లు. డిగ్రీలో పది మార్కుల ప్రశ్నకు బిట్లు బట్టీపడితే ఏం రాస్తాం? ఒక్క లాభం ఉంది. చెల్లి తెలుగు మీడియం నుంచి వచ్చింది కాబట్టి యత్నదోష పద్ధతి, ఫలిత నియమం, శాస్త్రీయ నిబంధనం (క్లాసికల్ కండిషనింగ్) లాంటివి తెలుగులో ఒకసారి చదివితే ఇంగ్లిష్ పుస్తకం తెరిచినప్పుడు భయం తగ్గుతుంది. దానికి కొనక్కర్లేదు. ఇంట్లోనో పక్కింట్లోనో బీఈడీ చేసినవాళ్లు ఒకరు ఉండే ఉంటారు, వాళ్ల దగ్గర తీసుకోండి.

నా ఓటు సిచరెల్లికి. ఇంగ్లిష్ తేలిక, బొమ్మలు ఎక్కువ. గిరీశ్వర్ మిశ్ర గారు మన దేశానికి తగ్గట్టు మార్చిన ఎడిషన్ ఉంది, అదే అడగండి.

తొంభైల్లో చదివిన వాణ్ణి, గుంటూరు

నేను ఒప్పుకోను. సిచరెల్లిలో బొమ్మలు ఎక్కువ, మాట తక్కువ. పేజీకి మూడు రంగుల డబ్బాలు, పక్కన ఇంకో డబ్బా. మోర్గాన్ అండ్ కింగ్ చదివితే ఒక విషయం మొదలుపెట్టి చివరిదాకా చెప్తాడు. క్లాసికల్ కండిషనింగ్ అధ్యాయం ఇప్పటికీ అంత విడమరిచి రాసిన పుస్తకం నేను చూడలేదు. పరీక్షలో పేజీలు నింపాలంటే అదే దిక్కు. మా బ్యాచ్ మొత్తం దాంతోనే గట్టెక్కింది. సివిల్స్‌కి సైకాలజీ ఆప్షనల్ తీసుకున్న వాళ్లని అడగండి, వాళ్లూ ముందు ఆ పేరే చెప్తారు.

సైకాలజీ అధ్యాపకురాలు, విజయవాడ

ఇద్దరి మాటలోనూ నిజం ఉంది. ఒక్క విషయం మాత్రం షాపుకి వెళ్లేముందు తెలుసుకోవాలి: ఎడిషన్ వేరు, రీప్రింట్ వేరు. మోర్గాన్, కింగ్, వైజ్, షాప్లర్ నలుగురి పేర్లతో మన దగ్గర అమ్ముతున్నది ఏడో ఎడిషన్. అది 1986 నాటిది. అట్ట కొత్తగా మెరుస్తుంది, లోపల రీప్రింట్ సంవత్సరం ఈ మధ్యదే ఉంటుంది, దాంతో పిల్లలు కొత్త పుస్తకం అనుకుంటారు. కాపీరైట్ పేజీ తిప్పి చూస్తేనే అసలు వయసు తెలుస్తుంది.

1986 నాటిదైతే పనికిరాదా అంటే, అధ్యాయాన్ని బట్టి. పావ్‌లోవ్ కుక్కలు, స్కిన్నర్ ఎలుకలు, ఎబింగ్‌హౌస్ 1885లో చెప్పిన మరపు వక్రరేఖ, విడి భాగాలను మనసు ఒక మొత్తంగా ఎలా చూస్తుందో చెప్పే గెస్టాల్ట్ నియమాలు అప్పుడెలా ఉన్నాయో ఇప్పుడూ అంతే. ఆ భాగాలకు మోర్గాన్‌ని నేనూ చదవమంటాను. మెదడు, రుగ్మతల అధ్యాయాలకు మాత్రం వద్దు. పనిచేస్తున్న మెదడుని ఎంఆర్ఐతో చూడటం మొదలైందే 1990ల్లో. రుగ్మతల వర్గీకరణ కూడా ఆ పుస్తకంలో డీఎస్ఎం-3 (మానసిక రుగ్మతలను వర్గీకరించే అమెరికా ప్రామాణిక గ్రంథం, మూడో ఎడిషన్) కాలానిది, అంటే 1980 నాటిది. తర్వాత 1994లో నాలుగోది, 2013లో ఐదోది వచ్చాయి, 2022లో ఐదోదాన్ని సవరించారు.

అందుకే పుస్తకం పేరు కంటే, షాపులో నిలబడి నాలుగు చోట్ల తెరిచి చూడటం మేలు. నేను మా పిల్లలకు చెప్పేది ఇదే.

ముందు రుగ్మతల అధ్యాయం. రోగ నిర్ధారణకు "ఐదు అక్షాల పద్ధతి" (రోగిని ఐదు కోణాల్లో అంచనా వేసేది) వాడతారని రాసి ఉంటే ఆ పుస్తకం 2013కి ముందుది. డీఎస్ఎం-5 ఆ అక్షాలు తీసేసింది. ఓసీడీని (వద్దన్నా అవే ఆలోచనలు, అవే పనులు పదేపదే వచ్చే రుగ్మత) ఆందోళన రుగ్మతల కింద పెట్టారా, విడిగా చూపించారా అన్నది ఇంకో గుర్తు. విడిగా ఉంటే కొత్తది.

తర్వాత స్మృతి. 1953లో మూర్ఛకు మెదడు ఆపరేషన్ చేయించుకుని, కొత్త జ్ఞాపకాలు నిలుపుకునే శక్తి కోల్పోయిన ఒకాయన గురించి ప్రతి పుస్తకంలో ఉంటుంది. ఆయన బతికున్నంత కాలం పేరు దాచి హెచ్.ఎం. అని మాత్రమే రాశారు. 2008లో ఆయన పోయాక హెన్రీ మొలైసన్ అని బయటపెట్టారు. పూర్తి పేరు ఉంటే పుస్తకాన్ని ఈ మధ్య ఎవరో శ్రద్ధగా సరిచూశారని అర్థం. అదే అధ్యాయంలో స్వల్పకాలిక స్మృతి, దీర్ఘకాలిక స్మృతి అని రెండు డబ్బాలు గీసి వదిలేశారా, బాడ్‌లీ, హిచ్ 1974లో ప్రతిపాదించిన వర్కింగ్ మెమరీ (విషయాన్ని కాసేపు మనసులో ఉంచుకుని దానితో పనిచేసే స్మృతి) గురించి కూడా వివరించారా అన్నది చూడండి.

మూడోది సామాజిక మనోవిజ్ఞానం, నాకు బాగా ఇష్టమైన పరీక్ష. 1964లో న్యూయార్క్‌లో కిటీ జెనొవీజ్ అనే యువతిని చంపుతుంటే 38 మంది చూస్తూ ఊరుకున్నారని అప్పట్లో పత్రికలో వచ్చింది. దశాబ్దాల పాటు పాఠ్యపుస్తకాలు దాన్ని యథాతథంగా అచ్చువేశాయి. 2007లో పరిశోధకులు రికార్డులు తిరగేసి, అంతమంది కళ్లారా చూస్తూ కదలకుండా ఉన్నారనడానికి ఆధారం లేదని తేల్చారు. ఆ సంఘటన చూసి డార్లీ, లతానే 1968లో చేసిన ప్రయోగాలు మాత్రం నిలబడ్డాయి. చుట్టూ ఎక్కువమంది ఉన్నప్పుడు ఎవరికి వారు "ఇంకెవరో చూసుకుంటారులే" అనుకోవడం నిజమే. ఈ రెండిటినీ వేరుచేసి చెప్పిన పుస్తకం మంచి పుస్తకం. విద్యార్థులను ఖైదీలుగా, కాపలాదారులుగా ఉంచి చూసిన 1971 నాటి స్టాన్‌ఫర్డ్ జైలు ప్రయోగం విషయంలోనూ అంతే. కాపలాదారులు కఠినంగా ఉండేలా నిర్వాహకులే ప్రోత్సహించారన్న విమర్శ ప్రస్తావించారా, లేదా?

నాలుగోది పరిశోధన పద్ధతుల అధ్యాయం. 2015లో ఒక పెద్ద బృందం సైకాలజీ పత్రికల్లో వచ్చిన 100 అధ్యయనాలను మళ్లీ చేసి చూస్తే, సుమారు మూడోవంతుకి కొంచెం ఎక్కువే మొదటిసారి లాంటి ఫలితం ఇచ్చాయి. ఈ సంగతి చెప్పని పుస్తకంతో డిగ్రీ పూర్తిచేసినవాళ్లు, కుడి మెదడు మనుషులు ఎడమ మెదడు మనుషులు అని వాట్సాప్‌లో వచ్చేది కూడా నమ్మేస్తారు. (బంధువుల గ్రూపుల్లో చూస్తున్నాను కాబట్టి చెప్తున్నాను.)

ఈ లెక్కన నా సలహా: సిచరెల్లి భారతీయ ఎడిషన్ గానీ, బారన్, మిశ్ర కలిసి ఉన్న భారత ఉపఖండ ఎడిషన్ గానీ, రెండిట్లో ఒకటి. మోర్గాన్‌ని లైబ్రరీలో చదివితే చాలు. ఫెల్డ్‌మన్ చెడ్డదేం కాదు, కానీ ఉదాహరణలన్నీ అమెరికా కాలేజీ పిల్లలవే.

ప్రశ్న అడిగిన తండ్రి

మేడమ్ గారూ, చాలా సంతోషం. బారన్, సిచరెల్లి రెండిట్లో తేల్చుకోవడం ఎలాగండి? ఇంకో మాట, లెనిన్ సెంటర్‌లో పాత పుస్తకాలు దొరుకుతాయి కదా, అక్కడ తీసుకోవచ్చా? కొత్తవాటి ధరలు గట్టిగానే ఉన్నాయి.

సైకాలజీ అధ్యాపకురాలు, విజయవాడ

అమ్మాయిని వెంట తీసుకెళ్లండి. రెండు పుస్తకాల్లోనూ ఆపరెంట్ కండిషనింగ్ (చేసిన పనికి వచ్చే ఫలితాన్ని బట్టి నేర్చుకోవడం) దగ్గర రెండేసి పేజీలు అక్కడే చదవమనండి. ఏది చదివాక పుస్తకం మూసి మీకు తెలుగులో చెప్పగలిగితే అది కొనండి. మీరు కామర్స్ వాళ్లయినా సరే, మీకు అర్థమైతే ఆమెకు అర్థమైనట్టే.

లెనిన్ సెంటర్‌లో తరచూ తిరిగేవాణ్ణి

సార్, పాత పుస్తకాలు తీసుకోవచ్చు, కాకపోతే మేడమ్ చెప్పిన కాపీరైట్ పేజీ అక్కడ ఇంకా ముఖ్యం. మోర్గాన్ తేలిగ్గానే దొరుకుతుంది. సివిల్స్ వదిలేసినవాళ్లు అమ్మేసిన కాపీలు, అండర్‌లైన్లతో సహా. సిచరెల్లి కొత్త ఎడిషన్ సెకండ్ హ్యాండ్‌లో కనిపించిందంటే ఆగకుండా తీసుకోండి. "సైకాలజీ" అని అడిగితే మళ్లీ డీఎస్సీనే వస్తుంది, రచయిత పేరు చెప్పి అడగండి, వీలైతే ఫోన్‌లో అట్ట ఫొటో చూపించండి. మధ్యలో పేజీలు చిరిగాయేమో, చివర పదకోశం ఉందో లేదో చూసుకోండి. బేరం ఆడొచ్చు, ఎవరూ ఏమీ అనుకోరు. తొందర లేకపోతే జనవరిలో పుస్తక మహోత్సవం దాకా ఆగినా డిస్కౌంట్ వస్తుంది, కానీ అప్పటికి మొదటి సెమిస్టర్ పరీక్షలు నెత్తిమీదకి వచ్చేస్తాయి.

ఇంకొకరు, విజయవాడ

అసలు డబ్బులు పెట్టడం ఎందుకండీ? ఓపెన్‌స్టాక్స్ సైకాలజీ రెండో ఎడిషన్ ఉంది, 2020లో వచ్చింది. అమెరికాలో రైస్ యూనివర్సిటీ వాళ్లు ఉచితంగా ఇస్తున్నారు. దర్జాగా డౌన్‌లోడ్ చేసుకోవచ్చు. టెలిగ్రామ్‌లో తిరిగే దొంగ పీడీఎఫ్ కాదు. ఇగ్నో వాళ్ల ఈ-జ్ఞానకోశ్‌లో డిగ్రీ సైకాలజీ పాఠాలూ ఫ్రీయే.

ఎంఏ సైకాలజీ విద్యార్థిని, విజయవాడ

రెండూ మంచివే, నేనూ వాడాను. ఓపెన్‌స్టాక్స్ ఫోన్‌లో చదవడం కష్టం, ల్యాప్‌టాప్ ఉంటే హాయి. ఇగ్నో పాఠాలు మన పరీక్ష జవాబుల తీరుకి దగ్గరగా ఉంటాయి, కానీ అన్ని యూనిట్లూ ఒకే స్థాయిలో ఉండవు.

అంకుల్, వీటన్నిటికంటే ముందు చెల్లి చదవాల్సింది ఎన్‌సీఈఆర్‌టీ పదకొండు, పన్నెండు తరగతుల సైకాలజీ పుస్తకాలు. వెబ్‌సైట్‌లో ఉచితం. చిన్న వాక్యాలు, మన దేశపు ఉదాహరణలు. పన్నెండో తరగతి పుస్తకంలో ప్రజ్ఞ గురించి జె.పి. దాస్ గారు, సహచరులు ఇచ్చిన పాస్ నమూనా (ప్రజ్ఞను ప్రణాళిక, అవధానం, సమాచార ప్రక్రియల పరంగా వివరించేది), మూర్తిమత్వం దగ్గర త్రిగుణాలు కూడా ఉంటాయి. ఇంటర్‌లో సైకాలజీ చదవని పిల్లలకి వీటితో మొదలుపెడితే పెద్ద పుస్తకం సగం తెలిసినట్టే అనిపిస్తుంది. ఒక అధ్యాయం ఇందులో చదివి, అదే అధ్యాయం పెద్ద పుస్తకంలో చదవమనండి.

తొంభైల్లో చదివిన వాణ్ణి, గుంటూరు

ఎన్‌సీఈఆర్‌టీ సంగతి ఒప్పుకుంటాను. మా రోజుల్లో ఇలా ఫోన్‌లో వచ్చేవి కావు. మోర్గాన్ మీద మాత్రం నా మాట నాదే. ప్రాక్టికల్స్, స్టాటిస్టిక్స్ గురించి ఎవరూ చెప్పలేదు. మిర్రర్ డ్రాయింగ్, ముల్లర్-లయర్ భ్రమ లాంటి ల్యాబ్ ప్రయోగాలకు ఈ పుస్తకాలు చూసి రికార్డు రాయలేరు. డిపార్ట్‌మెంట్‌లో ఇచ్చే మాన్యువల్ చూసుకోవాలి. స్టాటిస్టిక్స్ పేపర్ వచ్చినప్పుడు గారెట్ పుస్తకం అడుగుతారు, అది ఇప్పుడే కొనకండి.

ప్రశ్న అడిగిన తండ్రి

మా అమ్మాయి పక్కనే కూర్చుని ఇవన్నీ చదువుతోంది. తనే అడుగుతానంటోంది.

*(అమ్మాయి)* నమస్తే మేడమ్. సీనియర్ దగ్గర సిచరెల్లి తెచ్చి చూశాను. రెండో అధ్యాయమే మెదడు. న్యూరాన్, సినాప్స్, అన్నీ పేర్లే. సైన్స్ వదిలేసి మూడేళ్లయింది. అది దాటకుండా ముందుకు వెళ్లొచ్చా? చదివింది ఒక్కరోజు కూడా గుర్తుండటం లేదు.

సైకాలజీ అధ్యాపకురాలు, విజయవాడ

వెళ్లొచ్చమ్మా. అధ్యాయాలు వరసగానే చదవాలని ఏమీ లేదు. మొదటి అధ్యాయంలో పరిశోధన పద్ధతుల భాగం వదలొద్దు, ప్రయోగానికీ సహసంబంధానికీ (రెండు విషయాలు కలిసి మారడం, కోరిలేషన్) తేడా తెలియకపోతే తర్వాత ఏ ప్రయోగమూ అర్థం కాదు. ఆ తర్వాత నేరుగా అభ్యసనం, స్మృతి చదువు. అప్పుడు మెదడుకి రా. హిప్పోక్యాంపస్ (కొత్త జ్ఞాపకాలకు కీలకమైన మెదడు భాగం) అనగానే హెచ్.ఎం. గుర్తొస్తాడు, ఉత్త పేరులా ఉండదు. న్యూరాన్ బొమ్మ మాత్రం చూసి గీయకు, చూసి పుస్తకం మూసి గీయి, తప్పులు దిద్దుకుని మళ్లీ గీయి.

గుర్తుండకపోవడానికి కారణం చాలావరకు చదివిందే మళ్లీ చదవడం. 2006లో రోడిగర్, కార్పికీ విద్యార్థుల మీద చేసిన ప్రయోగంలో, ఐదు నిమిషాల తర్వాత అడిగితే మళ్లీ మళ్లీ చదివినవాళ్లే ముందున్నారు. వారం తర్వాత అడిగితే, పుస్తకం మూసి గుర్తు తెచ్చుకుంటూ రాసినవాళ్లు ముందుకొచ్చారు. సిచరెల్లిలో ప్రతి భాగం చివర చిన్న ప్రశ్నలు ఉంటాయి, అందరూ వాటిని దాటేస్తారు. నువ్వు దాటేయకు. జవాబు ముందు తెలుగులో తట్టినా పరవాలేదు, దాన్నే తర్వాత ఇంగ్లిష్‌లో రెండు వాక్యాలుగా రాయి.

మొదటి ఇంటర్నల్‌కి మెదడు యూనిట్ ఉందో లేదో రేపే క్లాసులో కనుక్కో. ఉంటే మాత్రం వరస మార్చి ముందు అదే చదవాలి.